సరిదిద్దిన మెగా ఎవల్యూషన్‌ను మళ్లీ పారేయొద్దు

సంపాదకులకు నమస్కారం.

పోకెమాన్ ఆటల గురించి మన పత్రికల పిల్లల పేజీల్లో, టెక్నాలజీ పేజీల్లో అడపాదడపా వార్తలు వస్తూనే ఉన్నాయి. కొత్త ఆట ఎప్పుడొస్తోంది, ధర ఎంత, బొమ్మలు ఎలా ఉన్నాయి అన్నంతవరకు బాగానే రాస్తున్నారు. మెగా ఎవల్యూషన్ దగ్గరికి వచ్చేసరికి మాత్రం పోకెమాన్ కాసేపు మరింత బలంగా మారుతుందని ఒక్క ముక్కతో సరిపెడుతున్నారు. 2025 అక్టోబరు 16న వచ్చిన ‘పోకెమాన్ లెజెండ్స్: జెడ్-ఎ’తో ఈ పద్ధతి సుమారు ఏడేళ్ల విరామం తర్వాత ప్రధాన ఆటల్లోకి తిరిగొచ్చింది. 2025 ఫిబ్రవరిలో ప్రకటించిన ‘పోకెమాన్ చాంపియన్స్’ను నింటెండో ఆట యంత్రమైన స్విచ్‌తో పాటు ఫోన్లకూ తెస్తామన్నారు, అందులోనూ మెగా ఉంది. అంటే ఇది ఇక స్విచ్ కొనగలిగిన కొద్ది ఇళ్ల సంగతిగా మిగలదు. ఫోన్ ఉన్న ప్రతి పిల్లాడికీ అందుతుంది.

ఈ ఉత్తరంలో నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. ఈ ఆటల్లో ఇప్పటిదాకా వచ్చిన తాత్కాలిక రూపాంతరాల్లో బుర్రకు ఎక్కువ పని పెట్టింది మెగా ఎవల్యూషనే. దానిలో లోపాలున్న మాట నిజం. కానీ ఆ లోపాలను ఒక్కొక్కటిగా సరిచేస్తూ వచ్చి, ఆ పని ఫలిస్తున్న సమయంలోనే దాన్ని మొత్తంగా తీసేశారు. ఈసారి అలా జరగకూడదు.

ముందు దాని పనితీరు చూద్దాం. 2013 అక్టోబరు 12న నింటెండో 3డీఎస్ మీద వచ్చిన ‘పోకెమాన్ ఎక్స్’, ‘పోకెమాన్ వై’లతో ఇది మొదలైంది. ఫ్రాన్స్ నమూనాలో అల్లిన కాలోస్ ప్రాంతం ఆ కథకు వేదిక. ఆటగాడి చేతికి కీ స్టోన్ పొదిగిన మెగా రింగ్ ఉండాలి, పోకెమాన్ దగ్గర దాని జాతికి సరిపడే మెగా స్టోన్ ఉండాలి. ఒక పోరులో ఒక్కసారే, ఒక్క పోకెమాన్‌కే. ఆ పోకెమాన్ పడిపోయేదాకా, లేదంటే పోరు ముగిసేదాకా ఆ రూపం నిలుస్తుంది. మధ్యలో వెనక్కి పిలిచి మళ్లీ దింపినా మెగాగానే దిగుతుంది. మారినప్పుడు బేస్ స్టాట్స్, అంటే ఆ జాతికి ఉండే బలం, వేగం లాంటి అంకెల మొత్తానికి 100 కలుస్తుంది. వాటిలో హెచ్‌పీ, అంటే ప్రాణం, మాత్రం కదలదు. సగం ప్రాణంతో ఉన్నది మెగా అయినా సగం ప్రాణంతోనే ఉంటుంది, విషం ఎక్కి ఉంటే ఆ విషం పోదు. మొదట 28 రూపాలు వచ్చాయి. 2014 నవంబరులో వచ్చిన ‘ఒమేగా రూబీ’, ‘ఆల్ఫా సఫైర్’ మరో 20 చేర్చాయి. చారిజార్డ్‌కు, మ్యూటూకు రెండేసి రూపాలున్నాయి కాబట్టి 46 జాతులకు 48 మెగా రూపాలు.

ఆ 100 ఎక్కడెక్కడ పడిందన్నదే చూడాల్సింది. బీడ్రిల్ మామూలుగా ఎవరూ చివరిదాకా టీమ్‌లో ఉంచుకోని పోకెమాన్. దాని మొత్తం 395, మెగా అయితే 495. దానికి అక్కరకు రాని స్పెషల్ అటాక్‌ను 45 నుంచి 15కు దించి, అలా మిగిలిన 30ని కూడా కలిపి అటాక్‌ను 90 నుంచి 150కి, స్పీడ్‌ను 75 నుంచి 145కి లేపారు. డిఫెన్స్ 40 దగ్గరే వదిలేశారు. ఫలితంగా ముందుగా కొట్టగలదు, గట్టిగా కొట్టగలదు, ఒక్క దెబ్బ తగిలితే మాత్రం నిలవదు. దాన్ని ఆడించే పద్ధతి కూడా ఆ అంకెల్లోనే ఉంది. కొట్టి వెనక్కి వచ్చే యూ-టర్న్ పెట్టాలి, దెబ్బ ఆపే ప్రొటెక్ట్ పెట్టాలి.

మావైల్ ఇంకా మంచి ఉదాహరణ. మొత్తం 380 మాత్రమే ఉన్న చిన్న పోకెమాన్. మెగా అయినా 480. మామూలుగా చూస్తే అది ఏ మూలకూ రాదు. కానీ మెగా మావైల్ ఎబిలిటీ, అంటే దానంతట అదే పనిచేసే ప్రత్యేక గుణం, హ్యూజ్ పవర్. దానితో అటాక్ రెట్టింపు. 50వ లెవెల్‌లో, అటాక్‌లో 252 ఈవీలు (శిక్షణతో వచ్చే పాయింట్లు) పోసి, అటాక్ పెంచే అడమంట్ నేచర్ (స్వభావం) ఇస్తే మెగా మావైల్ అటాక్ 172. హ్యూజ్ పవర్‌తో అది 344 అవుతుంది. అదే లెక్కన మొత్తం 780 ఉన్న మెగా రేక్వాజా అటాక్ 255. పురాణాల స్థాయి డ్రాగన్ కన్నా 480 పాయింట్ల మావైల్ గట్టిగా గుద్దుతుందన్నమాట. స్పీడ్ 50 దగ్గరే ఉండిపోయింది కాబట్టి నెమ్మదిగా ఉన్నవాటికి ముందు అవకాశమిచ్చే ట్రిక్ రూమ్ వేసే సహచరుడు పక్కన కావాలి, లేదంటే ముందుగా తగిలే సక్కర్ పంచ్ మీద ఆధారపడాలి. బలహీనమైన జాతికి ఒక పాత్రను సృష్టించడం ఇలా ఉండాలి. ఇది నా గట్టి అభిప్రాయం.

ఇక వదులుకోవాల్సినవి. మొదటిది చేతిలో పెట్టుకునే వస్తువు. మెగా స్టోన్ పట్టుకున్న పోకెమాన్‌కు ప్రతి టర్న్‌లో కాస్త ప్రాణం తెచ్చే లెఫ్టోవర్స్ ఉండదు, స్పీడ్ పెంచే చాయిస్ స్కార్ఫ్ ఉండదు. దీనికి బదులుగా చిన్న లాభం ఒకటుంది. సరైన జాతి దగ్గర ఉన్న మెగా స్టోన్‌ను నాక్ ఆఫ్ మూవ్ ఊడగొట్టలేదు. ఊడగొట్టలేకపోతే దానికి వచ్చే ఒకటిన్నర రెట్ల బలం కూడా రాదు. 65 బలంతోనే తగులుతుంది. ట్రిక్ మూవ్‌తో ఆ స్టోన్‌ను మార్చుకోవడం కూడా కుదరదు. నాక్ ఆఫ్ వస్తుందని తెలిసినప్పుడు మెగా స్టోన్ ఉన్నదాన్ని ధైర్యంగా దింపొచ్చు.

రెండోది ఎబిలిటీ, మూడోది టైప్, అంటే నీరు, నిప్పు లాంటి వర్గం. ఏ దెబ్బ ఎన్ని రెట్లు తగులుతుందో దాన్ని బట్టే తేలుతుంది. పిల్లలు ఎక్కువగా పొరబడేది ఇక్కడే. గ్యారడోస్‌ను దగ్గరగా చూద్దాం. మామూలు రూపంలో అది వాటర్, ఫ్లయింగ్. ఎలక్ట్రిక్ దెబ్బ నాలుగు రెట్లు, రాక్ దెబ్బ రెండు రెట్లు పడుతుంది. గ్రౌండ్ దెబ్బ అసలు తగలదు. ఫైటింగ్, బగ్ దెబ్బలు సగమే. మెగా అయితే వాటర్, డార్క్ అవుతుంది. ఎలక్ట్రిక్ నాలుగు నుంచి రెండు రెట్లకు తగ్గుతుంది, రాక్ మామూలుగా తగులుతుంది, సైకిక్ అసలు తగలదు. కానీ రెక్కలు పోయినట్టే కాబట్టి గ్రౌండ్ దెబ్బ అయిన ఎర్త్‌క్వేక్ తగలడం మొదలవుతుంది. నిన్నటిదాకా సగం పడిన ఫైటింగ్, బగ్ దెబ్బలు ఇప్పుడు రెట్టింపు పడతాయి. అంటే ఒకే బటన్ నొక్కుడుతో ఆ దెబ్బ నాలుగింతలైంది. గ్రాస్, ఫెయిరీ కూడా రెండు రెట్లు. ప్రత్యర్థి అటాక్ తగ్గించే ఇంటిమిడేట్ ఎబిలిటీ పోయి, తన దెబ్బకు అడ్డొచ్చే ప్రత్యర్థి ఎబిలిటీలను పట్టించుకోని మోల్డ్ బ్రేకర్ వస్తుంది.

కాబట్టి ఎదురుగా గార్చాంప్ ఉండి ఎర్త్‌క్వేక్ కొట్టబోతోందనిపిస్తే గ్యారడోస్‌ను మెగా చేయకూడదు. ఫ్లయింగ్‌గానే ఉంచి ఆ టర్న్‌లో అటాక్, స్పీడ్ పెంచే డ్రాగన్ డాన్స్ వేసుకోవాలి. ఎదుట ఎలక్ట్రిక్ పోకెమాన్ ఉంటే అప్పుడు మెగా చేయాలి. మెగాను నొక్కకుండా అట్టిపెట్టుకోవడం కూడా ఒక ఎత్తే. 2014 ప్రపంచ పోటీల్లో విజేతగా నిలిచిన దక్షిణ కొరియా ఆటగాడు సెజున్ పార్క్ టీమ్‌లో మెగా గ్యారడోస్ ఉంది. దాని పక్కన పాచిరిసు. అందరూ ఆ చిన్న ఉడుత లాంటి పాచిరిసును గుర్తుపెట్టుకున్నారు గానీ అది ఎందుకుందో చాలామంది చెప్పరు. దాని ఎబిలిటీ వోల్ట్ అబ్జార్బ్. ఫాలో మీ మూవ్‌తో గ్యారడోస్ మీదికి వచ్చే ఎలక్ట్రిక్ దెబ్బను తన మీదికి లాక్కుని ప్రాణం నింపుకుంటుంది. గ్యారడోస్‌కు అన్నిటికన్నా ప్రమాదమైన దెబ్బ అలా తప్పితే, దాన్ని ఎప్పుడు మెగా చేయాలన్న నిర్ణయం పూర్తిగా ఆటగాడి చేతిలో ఉంటుంది.

ఇలాంటివి ఇంకా ఉన్నాయి. చారిజార్డ్ ఎక్స్ రూపంలో ఫైర్, డ్రాగన్ అవుతుంది. నేల మీద స్టెల్త్ రాక్ పరిచి ఉంటే మామూలు చారిజార్డ్ దిగగానే సగం ప్రాణం పోతుంది. ఎక్స్‌కు పావు వంతే పోతుంది. అయితే దిగిన తర్వాతే మెగా చేయగలం కాబట్టి మొదటిసారి ఆ సగం పోవడం ఖాయం. రాళ్లను తుడిచే డీఫాగ్ గానీ ర్యాపిడ్ స్పిన్ గానీ ఉన్న సహచరుడు లేకుండా చారిజార్డ్‌ను టీమ్‌లో పెట్టుకోవద్దు. వై రూపమైతే ఫ్లయింగ్ అలాగే ఉంటుంది, కాబట్టి ఆ సగం దిగిన ప్రతిసారీ పోతుంది. అగ్రాన్‌కు మాత్రం మార్పు మేలే చేసింది. రాక్ టైప్ పోయి స్టీల్ ఒక్కటే మిగలడంతో ఫైటింగ్, గ్రౌండ్ దెబ్బలు నాలుగు నుంచి రెండు రెట్లకు దిగాయి. ఆపైన ఫిల్టర్ ఎబిలిటీ వాటిని ఒకటిన్నరకు తగ్గిస్తుంది. గెంగార్ ఆరో తరంలో, అంటే 2013, 2014ల్లో వచ్చిన ఆ ఆటల్లో, గాలిలో తేలే లెవిటేట్ ఎబిలిటీ వల్ల గ్రౌండ్ దెబ్బ తగలని పోకెమాన్. మెగా అయితే లెవిటేట్ పోతుంది, ఎర్త్‌క్వేక్ రెండు రెట్లు తగులుతుంది. బొమ్మలో నేలలోకి కూరుకుపోయినట్టు కనిపించేది అందుకే అనిపిస్తుంది నాకు. గార్చాంప్ అయితే మెగా అయ్యాక నెమ్మదిస్తుంది. స్పీడ్ 102 నుంచి 92కు పడిపోతుంది. 50వ లెవెల్‌లో గరిష్ఠ స్పీడ్ 169 ఉన్నది 158 అవుతుంది. బేస్ స్పీడ్ 100 ఉన్న పోకెమాన్లన్నీ ఆ లెవెల్‌లో 167 దాకా వెళ్తాయి. అంటే మెగా చేసిన మరుక్షణం అవన్నీ గార్చాంప్ కన్నా ముందు కొడతాయి. బలం పెరిగిందని సంబరపడి నొక్కినవాళ్లు ఓడిపోయేది ఇలాగే.

ఒక టర్న్‌లో ఏది ముందు, ఏది వెనుక అన్నది కూడా తెలియాలి. ముందు వెనక్కి పిలవడాలు, తర్వాత మెగా మార్పులు, ఆ తర్వాతే మూవ్‌లు. ఇద్దరూ ఒకే టర్న్‌లో మెగా చేస్తే స్పీడ్ ఎక్కువున్నది ముందు మారుతుంది. వాతావరణం మార్చే ఎబిలిటీల విషయంలో దీనివల్ల వేగంగా ఉన్నది నష్టపోతుంది. మెగా చారిజార్డ్ వై దిగ్గానే ఎండ తెస్తుంది, మెగా టైరానిటార్ ఇసుక తుఫాను తెస్తుంది. చారిజార్డ్ స్పీడ్ 100, టైరానిటార్‌ది 61. చారిజార్డ్ ముందు మారి ఎండ తెస్తుంది, వెంటనే టైరానిటార్ మారి దాని మీద ఇసుక కప్పేస్తుంది. ఎండను నమ్ముకుని నొక్కిన సోలార్ బీమ్ ఆ టర్న్‌లో కొట్టదు, వెలుగు కూడగట్టుకుంటూ నిలబడిపోతుంది. టైరానిటార్ ఇంకా మెగా కాలేదంటే చారిజార్డ్ ఆగాలి. షార్పీడోకు ఇంకో రకం ఓపిక కావాలి. మామూలు రూపంలో దానికి ఉండగలిగే హిడెన్ ఎబిలిటీ (అరుదుగా దొరికేది) స్పీడ్ బూస్ట్, దానితో ప్రతి టర్న్ చివర స్పీడ్ పెరుగుతుంది. మెగా అయితే అది పోయి, కొరికే దెబ్బలకు బలం పెంచే స్ట్రాంగ్ జా వస్తుంది. అందుకే మొదటి టర్న్‌లో ప్రొటెక్ట్ వేసి, స్పీడ్ పెరిగాక మెగా చేయాలి. పెరిగిన స్పీడ్ పోదు.

ఇప్పుడు సరిదిద్దడాల సంగతి. ఆరో తరంలో, అంటే 3డీఎస్ మొదటి నాలుగు ఆటల్లో, మెగా అయిన టర్న్‌లో ఎవరు ముందు కొట్టాలన్నది పాత స్పీడ్‌ను బట్టే తేలేది. మెటాగ్రాస్ బేస్ స్పీడ్ 70, మెగా అయితే 110. 50వ లెవెల్‌లో స్పీడ్ పెంచే జాలీ నేచర్‌తో, పూర్తి ఈవీలతో 134 ఉన్నది 178 అవుతుంది. ఎదురుగా 169తో గార్చాంప్. మెటాగ్రాస్ మెగా అయి 178కి చేరినా ఆ టర్న్‌లో ఆట దాన్ని 134గానే లెక్కేసేది. గార్చాంప్ ముందు ఎర్త్‌క్వేక్ కొట్టేది, స్టీల్ టైప్ కాబట్టి అది రెండు రెట్లు. అందుకే అప్పట్లో మెటాగ్రాస్, బీడ్రిల్ ఆడేవాళ్లు మొదటి టర్న్‌ను ప్రొటెక్ట్‌కే ఖర్చుపెట్టేవారు. 2016 నవంబరు 18న వచ్చిన ‘సన్’, ‘మూన్’లలో దీన్ని మార్చారు. మెగా అయిన టర్న్ నుంచే కొత్త స్పీడ్ లెక్క. ఇప్పుడు 178 ముందు, 169 వెనుక. మెటాగ్రాస్ ఐస్ పంచ్ గార్చాంప్‌కు నాలుగు రెట్లు తగులుతుంది. పోరు మొత్తం తిరగబడింది. ఒక్క నియమం మార్చితే ఒక మూవ్ చోటు ఖాళీ అయింది, ఒక జాతి విలువ మారింది. నెమ్మదించే గార్చాంప్‌కు మాత్రం ఇదే మార్పు చేటు చేసింది. ఇంతకుముందు మారిన టర్న్‌లో 169తో కొట్టగలిగేది, ఇక 158తోనే.

‘సన్’, ‘మూన్’లతో మొదలైన ఆ ఏడో తరంలోనే మరో మూడు దిద్దుబాట్లు జరిగాయి. కంగాస్కాన్ మెగా అయితే పిల్ల కూడా తల్లితో కలిసి కొడుతుంది. ఆరో తరంలో పిల్ల దెబ్బ తల్లి దెబ్బలో సగం ఉండేది. అంటే ఏ వస్తువూ లేకుండానే ప్రతి దెబ్బా ఒకటిన్నర. పైగా రెండు దెబ్బలు కాబట్టి, ఒక్క దెబ్బకు చావకుండా కాపాడే ఫోకస్ సాష్ కూడా దాని ముందు పనికిరాదు. అటాక్‌ను ఒక మెట్టు పెంచే పవర్-అప్ పంచ్ దాని చేతిలో రెండు మెట్లు పెంచుతుంది, అంటే అటాక్ రెట్టింపు. 2014, 2015 పోటీల్లో ఎక్కడ చూసినా అదే కనిపించడానికి కారణమిది. ఏడో తరంలో పిల్ల దెబ్బను పావుకు తగ్గించారు. సాలమెన్స్, పిన్సిర్, గార్డెవోయిర్ లాంటివి నార్మల్ మూవ్‌లను వేరే టైప్‌గా మార్చి కొట్టేటప్పుడు వచ్చే 30 శాతం అదనపు బలాన్ని 20కి దించారు. ఆరో తరంలో 90 మాత్రమే దక్కిన అలకజామ్‌కు మిగిలిన 10 ఇచ్చారు. ఇవన్నీ ఆటను రోజూ చూస్తున్నవాళ్లు చేసిన కొలత గల మార్పులు.

దిద్దని తప్పూ ఒకటుంది, అది రేక్వాజా. దానికి స్టోనే అక్కర్లేదు. డ్రాగన్ అసెంట్ మూవ్ తెలిస్తే చాలు. మిగతావాటికి ఉన్న అసలు ఖర్చు, అంటే వస్తువును వదులుకోవడం, దీనికి లేదు. మొత్తం 780 పాయింట్లతో పాటు చేతిలో దెబ్బ బలం పెంచే లైఫ్ ఆర్బ్ కూడా పెట్టుకోవచ్చు. అభిమానుల పోటీలకు నియమాలు రాసే స్మోగన్ సమూహం దీన్ని, అతి బలమైనవాటి కోసం ఉన్న ఉబర్స్ విభాగం నుంచి కూడా తీసేసి, దేనికీ అడ్డులేని ‘ఎనీథింగ్ గోస్’ అనే కొత్త విభాగం పెట్టాల్సి వచ్చింది. ఖర్చు లేని మెగా ఎలా చెడుతుందో చెప్పడానికి ఇంతకన్నా సాక్ష్యం అక్కర్లేదు. గార్చాంప్, మెటాగ్రాస్, సాలమెన్స్ లాంటి అప్పటికే 600 ఉన్న జాతులకు మెగా ఇవ్వడం కూడా పొరపాటే. ఆ స్టోన్లు మావైల్, బీడ్రిల్ లాంటివాటికి దక్కి ఉండాల్సింది.

2019 నవంబరు 15న ‘స్వోర్డ్’, ‘షీల్డ్’ వచ్చాయి. మెగా పోయింది, దాని బదులు డైనమ్యాక్స్ వచ్చింది. పోకెమాన్ మూడు టర్న్‌లపాటు కొండంత అవుతుంది, స్థాయిని బట్టి హెచ్‌పీ ఒకటిన్నర నుంచి రెండు రెట్లవుతుంది. వస్తువు వదులుకోనక్కర్లేదు, దాదాపు ఏ జాతికైనా సరే. కొట్టిన ప్రతి మ్యాక్స్ మూవ్‌కూ ఏదో ఒక అదనపు ఫలం. మ్యాక్స్ ఎయిర్‌స్ట్రీమ్ కొడితే తన స్పీడూ, పక్కవాడి స్పీడూ పెరుగుతాయి. ప్రత్యర్థికి మిగిలేది ఆ మూడు టర్న్‌లు ఎలాగోలా గడపడం. స్మోగన్ ఆ ఏడాది డిసెంబరులోనే దాన్ని తన ప్రధాన విభాగంలో నిషేధించింది. 2022 నవంబరు 18న ‘స్కార్లెట్’, ‘వయొలెట్’తో వచ్చిన టెరాస్టల్ దీనికన్నా చాలా మెరుగు. పోకెమాన్ టైప్ పోరు ముగిసేదాకా మారిపోతుంది. తన సొంత టైప్‌నే టెరాగా పెట్టుకుంటే ఆ టైప్ మూవ్‌లకు మామూలుగా ఒకటిన్నర రెట్లు ఉండే బోనస్ రెండు రెట్లవుతుంది. కానీ ఏ టైప్‌లోకి మారుతుందో చివరిదాకా గుప్తంగా ఉంటుంది కాబట్టి ఊహించడం ఎక్కువ, చదవడం తక్కువ. మెగాలో రహస్యం కొంతే. చారిజార్డ్‌ను చూస్తే ఎక్సా, వైయా అన్న రెండే ప్రశ్నలు. ఆ రెండిటికీ సిద్ధపడొచ్చు. ఈ తేడా వల్లే మెగాను ఎక్కువ ఇష్టపడతాను.

అందుబాటు విషయంలో మాత్రం తయారీదారులు మొదటినుంచీ తప్పే చేస్తున్నారు. ‘ఎక్స్’, ‘వై’లలో కథ పూర్తిచేసి, కిలూడ్ సిటీలో రైవల్‌ను ఓడించి, ప్రొఫెసర్ సికమోర్ చేత మెగా రింగ్‌కు మెరుగు పెట్టించుకున్నాక, రోజూ రాత్రి 8 నుంచి 9 గంటల మధ్యే కొన్ని స్టోన్లు నేల మీద మెరిసేవి. మిగతా 23 గంటలూ వెతికినా దొరకవు. ‘సన్’, ‘మూన్’లలో చాలా స్టోన్లు ఆటలోనే లేవు, 2017లో విడతలవారీగా కోడ్‌లు విడుదల చేశారు. 2024 ఏప్రిల్‌లో 3డీఎస్ ఆన్‌లైన్ సేవలే ఆగిపోయాయి. ఇప్పుడు ‘జెడ్-ఎ’లో గ్రెనింజా స్టోన్‌ను మొదటి సీజన్ ర్యాంక్ పోటీల బహుమతిగా పెట్టారు. ఆ పోటీలు ఆడాలంటే నింటెండో ఆన్‌లైన్ చందా కట్టాలి. ఒక జాతి మెగా రూపం చందాదారులకే ముందు దక్కడం పోటీని దెబ్బతీస్తుంది. స్టోన్ ఆటలో దొరకాలి, కష్టమైనా సరే.

‘జెడ్-ఎ’లో పద్ధతే మారింది. టర్న్‌లు లేవు, పోరు ఆగకుండా సాగుతుంది. కొడుతున్న కొద్దీ గేజ్ నిండుతుంది, నిండాక మెగా చేయొచ్చు, గేజ్ ఖాళీ అయితే మామూలు రూపం వస్తుంది. పోరుకు ఒక్కసారి అన్న హద్దు పోయింది. డ్రాగనైట్, విక్ట్రీబెల్, హాలూచా లాంటివాటికి కొత్త మెగాలు వచ్చాయి. విక్ట్రీబెల్ లాంటి మరిచిపోయిన జాతికి ఇవ్వడం చూస్తే మావైల్ పాఠం ఎవరికో గుర్తున్నట్టుంది.

మన పిల్లల్లో ఎక్కువమంది మెగాను చూసేది ఫోన్‌లోని ‘పోకెమాన్ గో’లో. మన దేశంలోకి అది 2016 డిసెంబరులో వచ్చింది. మెగా 2020 ఆగస్టులో చేరింది. అక్కడ స్టోన్ బదులు మెగా ఎనర్జీ. బీడ్రిల్‌ను మొదటిసారి మార్చడానికి 100, చారిజార్డ్‌కు 200. మారితే 8 గంటలు ఉంటుంది, ఒకసారికి ఒక్కటే. ఆ తర్వాత విశ్రాంతి కాలం. అది పూర్తయితే ఎనర్జీ లేకుండా ఉచితంగా మార్చొచ్చు. బేస్ లెవెల్‌లో 7 రోజులు, ఏడుసార్లు మార్చాక వచ్చే హై లెవెల్‌లో 5 రోజులు, ముప్ఫైసార్లు మార్చాక వచ్చే మ్యాక్స్ లెవెల్‌లో 3 రోజులు ఆగితే చాలు. లెక్కలోకి వచ్చేది రోజుకు ఒక్కసారే. ఈ లెవెల్ జాతికి కాదు, ఆ ఒక్క పోకెమాన్‌కే. అందుకే మొదట చేతికొచ్చిన చారిజార్డ్‌ను కాకుండా, ఉన్నవాటిలో మంచిదాన్ని ఎంచుకుని దాన్నే పెంచాలి. విలన్ల ముఠా టీమ్ రాకెట్ నుంచి పట్టుకున్న షాడో పోకెమాన్ మెగా కాదు, ముందు ప్యూరిఫై (శుద్ధి) చేయాలి. జిమ్‌లో కాపలాకు మెగాను వదలలేం.

రెయిడ్‌లో, అంటే పలువురు కలిసి ఒక బలమైన పోకెమాన్‌తో తలపడే పోరులో, మెగా ఉంటే తోటివాళ్ల దెబ్బలకు 10 శాతం, అదే టైప్ మూవ్‌లకు 30 శాతం బలం కలుస్తుంది. మెగా టైప్‌కు చెందిన పోకెమాన్లను పట్టుకుంటే అదనంగా క్యాండీ వస్తుంది, కాబట్టి ఆ వేళ ఏ టైప్ ఎక్కువగా తిరుగుతోందో చూసి ఆ టైప్‌నే మార్చాలి. బడికి బయల్దేరే ముందు మార్చితే ఆ 8 గంటలూ వృథా. తల్లిదండ్రులకు ఒక మాట: ఎనర్జీ కోసం రెయిడ్ పాస్‌లు డబ్బు పెట్టి కొననక్కర్లేదు. జిమ్ దగ్గర రోజుకో ఉచిత పాస్ దొరుకుతుంది. ఒకసారి మెగా చేసిన పోకెమాన్‌ను బడ్డీగా పెట్టుకుని నడిస్తే ఎనర్జీ వస్తుంది. విశ్రాంతి కాలం మధ్యలో మార్చాలన్నా రోజులు గడిచేకొద్దీ ఎనర్జీ ఖర్చు తగ్గుతూ పోతుంది. ఆగగలిగినవాడికి రూపాయి ఖర్చు లేదు.

2023లో ఐపీఎల్‌లో ఇంపాక్ట్ ప్లేయర్ నిబంధన వచ్చినప్పుడు మన క్రీడా పేజీలు ఎవరిని, ఏ ఓవర్‌లో, ఎందుకు దింపాలో వివరంగా విశ్లేషించాయి. మెగా ఎవల్యూషన్‌కు కూడా అంత వివరణ అవసరం. పిల్లల పేజీలో ఎప్పుడైనా చోటు దొరికితే, మెగా కాకముందు, అయిన తర్వాత ఏ దెబ్బ ఎన్ని రెట్లు పడుతుందో ఒక చిన్న పట్టిక వేయండి. గ్యారడోస్, చారిజార్డ్ ఎక్స్, అగ్రాన్, ఈ మూడింటితో మొదలుపెడితే సరిపోతుంది.

ఇట్లు,
ఒక పాఠకుడు,
హనుమకొండ